నేను చీకటి చేసిన ముఖం

నా పనిని మెచ్చుకునేవాళ్ళు సాధారణంగా ఒక్క షాట్ గురించే మాట్లాడతారు. సముద్రపు ఒడ్డున, పొద్దు పొడిచే వేళ, ఒక స్త్రీ కళ్ళకు చెయ్యి అడ్డం పెట్టుకుని పడవల కోసం చూస్తూ నిలబడి ఉంటుంది. ఆకాశం రాగిరంగులో ఉంటుంది. మనిషి మాత్రం నల్లటి ఆకారం. కన్ను, ముక్కు, నోరు ఏవీ కనిపించవు. సినిమా చూసినవాళ్ళు ఆమెను హీరోయిన్ అనుకుంటారు. ఆ షాట్ ఎలా తట్టిందని అడిగినవాళ్ళందరికీ చాలాకాలం ఒకే జవాబు చెప్పాను. అది అబద్ధం. ఇప్పుడు జరిగింది జరిగినట్టు రాస్తున్నాను. రాసినంత మాత్రాన నా తప్పు తగ్గదని నాకు తెలుసు.

మాది అనకాపల్లి. నాన్న మెయిన్ రోడ్డు మీద దర్జీ. ఇంట్లో సగం ఉర్దూ, సగం తెలుగు మాట్లాడుకునేవాళ్ళం. మా అక్కని ఆపా అని పిలుస్తాను. నాన్న తర్వాత ఆ కొట్టు ఆమే నడిపింది, ఇప్పటికీ నడుపుతోంది. నాకు కుట్టుపని అబ్బలేదు. ఇంటర్ తప్పాక ఒక వీడియో స్టూడియోలో చేరాను. మొదట లైటు పట్టుకునే పని, తర్వాత కెమెరా. ఊళ్ళో బెల్లం వ్యాపారుల ఇళ్ళ పెళ్ళిళ్ళన్నీ దాదాపు మావే. మాకవరపాలెం, చీడికాడ దాకా కూడా వెళ్ళేవాళ్ళం.

ప్రతి పెళ్ళిలోనూ అమ్మాయి తరఫు వాళ్ళెవరో ఒకరు నన్ను పక్కకి పిలిచి ఒకే మాట చెప్పేవారు: "పిల్ల కొంచెం తెల్లగా పడాల బాబు." నాకది కష్టమేమీ కాదు. లెన్సులో వెలుగు వచ్చే కన్నాన్ని మామూలుకంటే కాస్త ఎక్కువ తెరిస్తే చాలు, చామనఛాయ పిల్ల తెల్లగా పడేది. చీర మీది జరీ పోయేది, మెళ్ళో నగలు మెరుపు ముద్దలైపోయేవి. అయినా క్యాసెట్ చూసి అందరూ సంతోషించేవారు. నా పేరు ఊళ్ళో పాకింది ఆ తెలుపు వల్లే.

ఆ పేరుతోనే హైదరాబాదు వెళ్ళాను. కొన్నేళ్ళు ఒక పెద్దాయన దగ్గర అసిస్టెంటుగా చేసి, తర్వాత టీవీ సీరియళ్ళకు కెమెరామన్ అయ్యాను. సీరియల్ లైటింగంటే రెండు పక్కల నుంచీ మెత్తటి తెల్లటి వెలుగు, కింద నుంచి వెలుగు ఎగదోసే థర్మాకోల్ షీటు. ముక్కు నీడ కూడా బుగ్గ మీద పడకూడదు. ఏడుస్తున్నా, ఆసుపత్రి మంచం మీద ప్రాణం పోతున్నా ముఖం పాలగిన్నెలా వెలగాలి. అందులో నన్ను మించినవాడు లేడని నిర్మాతలు అనేవారు. పనిమనిషి వేషం వేసే ఆవిడ నిలబడే మూలకి మాత్రం నేను లైటు పెట్టేవాణ్ణి కాదు. టైము లేదనేవాణ్ణి. ఒకసారి అలాంటి వేషం వేసే ఒక పెద్దావిడ, తాను మాట్లాడే డైలాగు వరకైనా కొంచెం వెలుగు ఇవ్వమని అడిగింది. సరేనన్నాను. ఇవ్వలేదు. ఆవిడ మళ్ళీ అడగలేదు.

సినిమా అవకాశం వచ్చేసరికి నాకు నలభై దాటాయి. దర్శకుడు నాకంటే చాలా చిన్నవాడు. మత్స్యకారుల ఊళ్ళో జరిగే కథ. నిజమైన ఊరు, నిజమైన వెలుగు కావాలన్నాడు. నాకు రాజయ్యపేట గుర్తొచ్చింది. పెళ్ళి వీడియోల రోజుల్లో ఒకసారి వెళ్ళిన ఊరు. నేను చెప్పగానే వచ్చి చూసి ఒప్పుకున్నాడు. సీరియల్ కెమెరామన్ అన్న ముద్ర చెరుపుకోవడానికి ఇదే అదననుకున్నాను. లైట్లు తగ్గించేశాను. పొద్దున్న గంటన్నర, సాయంత్రం గంటన్నర, అంతే షూటింగు అన్నాను. నా స్టైలు మారిందని యూనిట్లో అందరూ చెప్పుకున్నారు.

హీరోయిన్ ముంబై అమ్మాయి, తెల్లటి మనిషి. ఆమెను ఎండకు కమిలిన మనిషిలా చూపించాలి. మేకప్ ఎంత నల్లగా వెయ్యాలో, ఆ రంగు మీద పొద్దుటి వెలుగు ఎలా పడుతుందో నాకు ముందే తెలియాలి. దానికి ఆమెను తెల్లవారుజామున వచ్చి కూచోమనడానికి లేదు. అందుకని ఆమె ఎత్తే ఉన్న ఊరి మనిషి కోసం వెతికాను.

ఎండు చేపల పని చేసే ఒకామె దొరికింది. ముప్పై ఏళ్ళుంటాయి. భర్త పడవ మీద వేటకి వెళ్తాడు, ఇంట్లో అత్త ఉంది. ఏం చేయాలని అడిగింది. ఊరికే కూచుంటే చాలన్నాను. మర్నాడు చీకటి విడవకముందే తల దువ్వుకుని, ఉతికిన చీర కట్టుకుని వచ్చి, ఒడ్డున బోర్లించిన పడవ పక్కన కూచుంది.

మొదటిరోజే మేకప్ మనిషి తన రంగుల పళ్ళెం తెచ్చి ఆమె బుగ్గ పక్కన పెట్టాడు. ఒక రంగు కలిపి, చూసి, తుడిచి, మళ్ళీ కలిపాడు. నేను పక్కనే నిలబడి ఇంకాస్త ఎరుపు, ఇంకాస్త నలుపు అని చెబుతున్నాను. ఆమె కదలకుండా ఉంది. ఆ రంగు తనకి పుయ్యడానికే కలుపుతున్నాడనుకుంది. చివరికి సరైన రంగు దొరికాక అతను డబ్బా మూతపెట్టి వెళ్ళిపోయాడు. ఆమె నా వైపు చూసింది. నేను వెలుగు కొలిచే లైట్ మీటరు తీసి ఆమె చెంప దగ్గర పెట్టాను.

పదకొండు రోజులు అలా వచ్చింది. నాలుగు రోజులకే నాకేం కావాలో ఆమెకి తెలిసిపోయింది. గడ్డం ఎత్తమంటే ఎంత ఎత్తాలో, సూర్యుడు లేచేకొద్దీ ఎటు జరగాలో మా అసిస్టెంట్ల కంటే ముందే గ్రహించేది. ఒకరోజు నేను చెప్పకుండానే పక్కకి తిరిగి, "ఇటయితే ముక్కు నీడ పెదం మీద పడతంది బాబు. ఇలగుంటే పడదు" అంది. అది నిజమే. ఆమె చెప్పిన కోణంలోనే తర్వాత హీరోయిన్ క్లోజప్పులన్నీ తీశాను.

అయిదో రోజో ఆరో రోజో, మీటరు చూసుకుంటూ ఉండగా అడిగింది.

"నాను సినిమాలో ఎంతసేపు కనిపిత్తాను బాబు?"

అప్పుడే చెప్పి ఉండాల్సింది. నువ్వు కనిపించవమ్మా, నీ మీద వెలుగు చూసుకుని వేరే ఆమెని తీస్తాం అని ఒక్క మాట అంటే అయిపోయేది. ఆ మాట నా నోటి దాకా వచ్చింది. కానీ చెబితే మర్నాడు రాదేమో, ఇంత ఓపికగా కూచునే మనిషి మళ్ళీ దొరకదేమో అనుకున్నాను. "చాలాచోట్ల ఉంటావమ్మా" అన్నాను. ఆమె తల వంచుకుని నవ్వుకుంది. ఆ వెలుగులో ఆ నవ్వు ఎంత బాగుందో కూడా చూశాను. ఎన్ని పాయింట్లు వచ్చాయో మీటర్లో చదివి అసిస్టెంటుకి చెప్పాను.

తొమ్మిదో రోజున కెమెరాతో టెస్ట్ తీస్తున్నాం. ఆమె ఒడ్డున నిలబడింది. సూర్యుడు అప్పుడే నీళ్ళ మీదికి వచ్చాడు. దూరంగా పడవలు కనిపించాయి. వాటిలో భర్త పడవ ఉందేమోనని ఆమె కళ్ళకి చెయ్యి అడ్డం పెట్టుకుని చూసింది. ఎవరూ చెయ్యమనలేదు. ముఖం సగం బంగారు రంగు, సగం నీడ. నా జీవితంలో అంత మంచి వెలుగు ఒక ముఖం మీద పడగా నేను చూడలేదు. కెమెరా నడుస్తూనే ఉంది. కట్ చెప్పాక, "ఈ వేళ వెలుగు చాలా బాగుందమ్మా, ఇలాంటిది మళ్ళీ రాదు" అన్నాను. అది మాత్రం నిజమే చెప్పాను.

ఎడిటింగులో దర్శకుడు ఆ టెస్ట్ చూసి ఇది సినిమాలో ఉండి తీరాలన్నాడు. హీరోయిన్ తో అదే తియ్యాలని మేం షూటింగులోనే రెండు పొద్దులు ప్రయత్నించాం గానీ రాలేదు. ముఖం వేరని తెలిసిపోతుంది కదా, ఎలా అని ఎడిటరు అడిగాడు. జవాబు చెప్పింది నేనే. ముఖం కనపడకుండా చేద్దాం, నల్లటి ఆకారం చేస్తే హీరోయిన్ అనే అనుకుంటారు అన్నాను. షూటింగ్ అయ్యాక రంగులు, వెలుగులు సరిచేసే పని ఒకటుంటుంది, డీఐ అంటాం. ఆ గదిలో కూచుని, ఆమె ముఖం చుట్టూ గీత గీయించి, లోపలి వెలుగు తగ్గించమన్నాను. ఒక కన్ను ముందు పోయింది. తర్వాత బుగ్గ. ఆపరేటరు ఆగి, ఇంకా తగ్గించాలా అని అడిగాడు. పూర్తిగా అన్నాను. ఆమెకి కబురు చెయ్యాలన్న ఆలోచన కూడా నాకు రాలేదు.

సినిమాకి మంచి పేరొచ్చింది. ఆ షాట్ కి మరీ వచ్చింది. అనకాపల్లిలో నన్ను చిన్నప్పటి నుంచీ ఎరిగిన కొందరు వ్యాపారులు థియేటర్లో పొద్దుటి ఆట తర్వాత సన్మానం పెట్టారు. ఆపా కొట్టు మూసి, కొత్త చీర కట్టుకుని వచ్చింది. ఇద్దరం బాల్కనీ మెట్లు ఎక్కబోతుంటే వెనకనుంచి "బాబూ" అని పిలుపు వినిపించింది.

రాజయ్యపేట నుంచి ఆమె వచ్చింది. ఒక్కతే కాదు. ఒక మ్యాజిక్ వ్యాను బాడుగకి కట్టించుకుని భర్త, అత్త, తోటికోడళ్ళు, పక్కింటివాళ్ళు కలిసి పద్దెనిమిది మంది వచ్చారు. ఆడవాళ్ళందరి తలలోనూ పువ్వులున్నాయి. ఆమె నన్ను అత్తకి చూపించి, "నాను సెప్పీనాను కాదేటి, ఈ బాబే" అంది. ముసలావిడ నాకు రెండు చేతులూ ఎత్తి దండం పెట్టింది. నేనూ పెట్టాను. లోపలికి వెళ్ళకముందే చెప్పడానికి నాకు అదే ఆఖరి అవకాశం. చెప్పలేదు. కూచోండమ్మా, ఆట మొదలవుతుంది అన్నాను.

ఆ రెండున్నర గంటలూ నేను తెర చూడలేదు. బాల్కనీ గోడ మీదుగా కింద వాళ్ళ వరసనే చూస్తూ కూచున్నాను. ఊరు, పడవలు కనిపించినప్పుడల్లా వాళ్ళు ఒకరికొకరు చూపించుకున్నారు. ప్రతిసారీ ఎవరో ఒకరు ఆమె వైపు తిరిగి అడుగుతున్నారు. ఆమె ఇంకా ఉంది, వస్తుంది అన్నట్టు చెయ్యి ఊపుతోంది. విరామం తర్వాత అడగడం తగ్గింది. ఆ షాట్ వచ్చింది. హాలంతా చప్పట్లు కొట్టారు. ఆమె సీట్లో ముందుకి వంగింది. పక్కనున్నావిడ చెవిలో ఏదో చెప్పింది. పక్కనున్నావిడ తెర చూసి, ఆమెను చూసి, తల అడ్డంగా ఆడించింది.

ఆట అయ్యాక తెర ముందు కుర్చీలు వేసి నాకు శాలువా కప్పారు. అభిమానం కొద్దీ చాలామంది ఉండిపోయారు. రాజయ్యపేట వాళ్ళు కూడా ఉండిపోయారు. సభ నడిపే ఆయన, ఆ షాట్ లో ముఖం ఎందుకు చూపించలేదో చెప్పమని మైకు ఇచ్చాడు. హైదరాబాదులో ఎన్నోసార్లు చెప్పిన జవాబు నోటికొచ్చి ఉంది. ముఖం చూపిస్తే ఆమె ఒక మనిషే అవుతుంది, ముఖం లేకపోతే తీరంలో ఉన్న ఆడవాళ్ళందరూ అవుతుంది అన్నాను. చప్పట్లు మోగాయి. మూడో వరసలో ఆమె చేతులు ఒళ్ళో పెట్టుకుని నన్నే చూస్తోంది.

బయట సైకిల్ స్టాండు దగ్గర నా కోసం ఆగింది. మిగతావాళ్ళు కాస్త దూరంలో బండి దగ్గరున్నారు. ఆపా నా పక్కనే ఉంది.

"ఆ నల్లగా నిలబడ్డ మనిసి నానే కదా బాబు?"

"అవునమ్మా."

"మరి నా మొకం ఏటయింది?"

నిజం ఒప్పుకోవడానికి ఇంకో అవకాశం ఇచ్చినట్టే నెమ్మదిగా అడిగింది. నేను ఆ రోజు వెలుగు సరిపోలేదమ్మా, అందుకే నల్లగా పడింది అన్నాను.

ఆమె, "ఆ ఏల ఎలుగు శానా బాగుందని మీరే సెప్పేరు" అంది. బండి దగ్గరకి నడిచి వెళ్ళిపోయింది. వెనక మెట్టు ఎక్కుతుంటే ఎవరో నవ్వడం నాకు వినిపించింది.

ఇంటికి వచ్చాక ఆపా శాలువా మడిచి పెట్టింది. అన్నం పెట్టింది. నేను తింటుండగా ఎదురుగా కూచుని, జరిగిందంతా చెప్పించుకుంది. అంతా విని, "నీకు ఆమె ఏటి అపకారం సేసింది?" అని అడిగింది. ఏమీ చెయ్యలేదన్నాను. "నాన్న కొలత తప్పితే కొత్త గుడ్డ తెచ్చి ఇచ్చేవోడు. గుడ్డదే తప్పని ఎప్పుడూ అనలేదు" అంది. ఆమె నీళ్ళ గ్లాసు నా వైపు జరిపి లేచి వెళ్ళిపోయింది.

వెంటనే రాజయ్యపేట వెళ్ళానని రాయాలని ఉంది. వెళ్ళలేదు. హైదరాబాదు వచ్చేసి, ఇంకో సినిమా ఒప్పుకుని, ఆరేడు నెలలు గడిపేశాను. ఎవరైనా ఆ షాట్ మాటెత్తితే విషయం మార్చేవాణ్ణి. దాన్ని వినయం అనుకునేవారు. చివరికి ఆ షాట్ అసలు ఫైలు ఇప్పించమని దర్శకుణ్ణి అడిగాను. డీఐ చెయ్యక ముందుది, నలభై సెకన్లు. దాన్ని ఫోనులో పెట్టుకుని అనకాపల్లి వచ్చి, మర్నాడు బయల్దేరాను. ఆమెకి ఒక్కదానికే చూపించి, క్షమించమని అడిగి, ఎవరి కంటా పడకుండా వచ్చేద్దామన్నది నా ఉద్దేశం.

ఒడ్డున వలల మీద చేపలు ఎండబోసి ఉన్నాయి. ఆమె వాటిని తిరగేస్తోంది. నన్ను చూసి ఆశ్చర్యపోలేదు. చేతులు కొంగుకి తుడుచుకుని ఏమిటని అడిగింది. వెలుగు సరిపోలేదని అబద్ధం చెప్పాను, నీ ముఖం నేనే కనపడకుండా చేయించాను అన్నాను. ఈ మాటలు దారి పొడవునా కూడబలుక్కుని వచ్చినవే, అయినా తడబడ్డాను. ఫోను ఇచ్చాను. ఎండకి తెర కనిపించక, పక్కనున్న పాక చూరు కిందకి వెళ్ళి కొంగు కప్పుకుని చూసింది. రెండుసార్లు చూసింది.

"ఇది బాగుంది" అంది. నా ప్రాణం కాస్త తేలికపడింది. అంతలోనే అంది: "బండిలో వచ్చినోల్లందరికీ సూపించండి. ఇప్పుడు నాకు సెప్పిన మాటే ఆల్లకీ సెప్పండి."

నేను వీడియో నీ ఫోనుకి పంపుతాను, నువ్వే చూపించుకో అన్నాను. ఆమె నా కళ్ళలోకి చూసింది.

"నాను సూపిత్తే నమ్మరు. ఈ ఊరిలో నా పేరు ఇప్పుడు హీరోయినీ. నీల్ల కుళాయి దగ్గిర కూడా అదే పిలుపు. అబద్దమాడి బండి కట్టించినానని మా అత్త నాతో నాలుగు నెలలు మాటాడనేదు. మీరే సెప్పాల."

అది నేను ఊహించలేదు. చిన్నబుచ్చుకుని ఉంటుందనుకున్నాను గానీ, నా అబద్ధాన్ని ఆమె తన అబద్ధంగా మోస్తూ ఆ ఊళ్ళో తిరుగుతోందని నాకు తోచలేదు.

ఆమె వెళ్ళి అందరినీ పిలుచుకొచ్చింది. కొందరు వేటకి పోయారు. మిగతావాళ్ళు వచ్చారు. చూరు కింద నిలబడి ఇద్దరు ముగ్గురికి ఫోను చూపిస్తూ, ప్రతి గుంపుకీ మొదటి నుంచి చెప్పాల్సి వచ్చింది. ఈమె అబద్ధం ఆడలేదు. సినిమాలో ఉంటావని నేను చెప్పాను. ఉంది కూడా. ముఖం నేను తీయించేశాను. అయిదుసార్లు చెప్పాను. ఒకాయన మధ్యలో, తీయించడమెందుకు, మా మొకాలు సినిమాకి పనికిరావా అని అడిగాడు. కోపంగా అడగలేదు, తెలుసుకుందామని అడిగాడు. పనికొస్తాయన్నాను. మరెందుకని మళ్ళీ అడిగాడు. హీరోయిన్ వేరు కాబట్టి అన్నాను. అది సరైన జవాబు కాదని చెబుతుండగానే నాకు తెలిసింది. ఆయన తల ఊపి ఊరుకున్నాడు.

అత్త ఆఖర్న వచ్చింది. ఫోను కళ్ళకి దగ్గరగా పెట్టుకుని చూసి, "మా కోడలే" అంది. తర్వాత కోడలి వైపు తిరిగి, ఆమె చేతిలోని గంప తాను అందుకుని చేపల దగ్గరకి నడిచింది.

వెళ్తూ నన్ను క్షమించమ్మా అన్నాను. ఆమె, ఎండ పోకముందే అవతలి వల కూడా తిరగెయ్యాలి బాబు అని చెప్పి వెళ్ళిపోయింది.

తర్వాత ఆ షాట్ మార్చమని దర్శకుణ్ణి అడిగాను. ఇంత పేరొచ్చాక ఎవరైనా మారుస్తారా అన్నాడు. నేను గట్టిగా పట్టుబట్టానని చెప్పలేను. రెండుసార్లు అడిగి ఊరుకున్నాను. ఫోనుల్లో, టీవీల్లో ఆ సినిమా ఇప్పటికీ అలాగే వస్తోంది. పోయిన నెల ఒక కుర్ర దర్శకుడు వచ్చి, తన సినిమాలో కూడా అలాంటి షాట్ ఒకటి కావాలన్నాడు. అది ఎవరి ముఖమో, ఎలా పోయిందో మొత్తం చెప్పాను. శ్రద్ధగా విని, కథ చాలా బాగుంది సార్, ఇంటర్వ్యూల్లో చెప్పండి అన్నాడు.